మూడో ట్రంపెట్ టాసెట్

మా బ్యాండులో ఊదేవాళ్ళు కొందరు, టాసెట్లు కొందరు. పెళ్ళివాళ్ళు బేరానికి వచ్చినప్పుడు పన్నెండుమంది కావాలంటారు. పన్నెండుమంది ఊదేవాళ్ళు మదనపల్లెలో ఏ ఓనరు దగ్గరా ఉండరు. అందుకని మా ఓనరు గిరిబాబు టమాటా యార్డులో పని ముగించుకుని ఊరికే నిలబడినవాళ్ళను పట్టుకొచ్చేవాడు. వాళ్ళకు ఎర్ర కోటు తొడిగి, నెత్తిన కుచ్చుటోపీ పెట్టి, చేతికొక పాత వాయిద్యం ఇచ్చి వెనక వరసలో నిలబెట్టేవాడు. వాళ్ళు బుగ్గలు పొంగించాలి, వేళ్ళు ఆడించాలి, ఊదకూడదు. పొరబాటున ఊదినా చప్పుడు బయటికి రాకుండా వాయిద్యం గొంతులో గుడ్డపేలికలు కుక్కి ఉండేవి. అట్లాంటి మనిషిని మేం టాసెట్ అనేవాళ్ళం.

ఆ మాట మాకు చిన్నస్వామి మాస్టరు ఇచ్చిపోయింది. ఆయన కోలారు బంగారు గనుల్లో దొరల కాలంనాటి బ్యాండులో వాయించి, గనులు చతికిలబడ్డాక కుప్పంలో కూతురి ఇంటికి చేరినవాడు. నెలకో రెండు నెలలకో బస్సెక్కి, వి.కోట, పలమనేరు, పుంగనూరు మీదుగా మదనపల్లెకు వచ్చి మాకు పాటలు నేర్పేవాడు. ఆయన తెచ్చిన పాట కాగితాలు దొరల సీమలో, ఇంగ్లండులో, అచ్చయినవి. వాయిద్యానికొక కాగితం. ఏ పాటలో ఏ వాయిద్యం నోరెత్తకూడదో దాని కాగితం మీద గీతలూ చుక్కలూ ఏమీ ఉండవు, ఒక్క మాట ఉంటుంది. మాస్టరు దానిమీద వేలు పెట్టి "టాసెట్" అనేవాడు.

నేను ఆరో తరగతిలో బడి మానేసినవాణ్ణి. ఇంగ్లీషులో ఊరుకోమనడానికి అదొక మాట కాబోలు అనుకున్నా.

"ఇంగ్లీషోళ్ళది కూడా కాదప్పా" అన్నాడు మాస్టరు. "వాళ్ళు లాటిన్‌లోనించి ఎత్తుకొచ్చుకున్నారు. వాళ్ళ దగ్గర మేం ఎత్తుకున్నాం. మీరిప్పుడు నా దగ్గర ఎత్తుకుంటాండారు. యారూ తిరిగి ఇయ్యలేదు."

"ఊరికే నిలబడడానికి రెస్టు అని ఒక మాట ఉండాది గదా మాస్టరూ, మళ్ళా ఇదేంటికి?" అని అడిగాను.

"రెస్టు ఏరే, టాసెట్ ఏరే. రెస్టులో నువ్వు లెక్క ఏసుకుంటా ఉండల్ల, మళ్ళా ఎప్పుడు ఎత్తుకోవాల్నో. టాసెట్‌లో లెక్క లేదు. పాటలో నీకు చోటుండాది. వంతు లేదు. అర్థమయిందా?"

అప్పుడు అర్థమయిందనే చెప్పాను.

మనిషికి ఆ పేరు పెట్టింది గిరిబాబు. "ఊదనోణ్ణి ఏమని పిలవాల మాస్టరూ? డమ్మీ అంటే పెళ్ళోళ్ళకు అర్థమైపోతాది" అన్నాడు. "టాసెట్ అను, ఎవనికీ తెలీదు" అన్నాడు మాస్టరు. ఇక ఆ మాటకు మా నోళ్ళలో పట్టపగ్గాల్లేవు. సైడు డ్రమ్ము వాయించే చెంగల్రాయుడు పెళ్ళాంతో గొడవపడి వస్తే "రెండు దినాలుగా ఇంట్లో టాసెట్రా" అనేవాడు. కరెంటు పోతే టాసెట్. టీకొట్టు మూసి ఉంటే టాసెట్. ఓట్లు వేయించుకుని మళ్ళీ కనపడని నాయకుడు టాసెట్. ఎవరైనా పోయారని కబురొస్తే చెంగల్రాయుడు డ్రమ్ము పుల్లలు చంకలో పెట్టుకుని "పాపం, టాసెట్ అయిపోయినాడా" అనేవాడు. సీమనుంచి గనులకు, గనులనుంచి కుప్పానికి, కుప్పంనుంచి బస్సులో మా దగ్గరికి వచ్చేసరికి ఆ మాట అర్థాలు పెంచుకుంటూ వచ్చింది. దానిదేం పోయింది.

మా టాసెట్లలో చిన్నప్ప అని ఒకాయన. పుంగనూరు దగ్గర పల్లె. పొద్దున యార్డులో టమాటాలు ఏరి బాక్సులకు సర్దేవాడు, పెళ్ళిళ్ళ కాలంలో మాతో వచ్చేవాడు. మిగతా టాసెట్లు ఎవరు దొరికితే వాళ్ళు; ఈరోజు ఉంటారు, రేపు ఉండరు. చిన్నప్ప మాత్రం ఏళ్ళ తరబడి మూడో వరసలో, అదే చోట, అదే ట్రంపెట్‌తో. దాని మూతి ఒకవైపు సొట్టపోయి ఉండేది. వయసులో ఉండగా క్షయ వచ్చి మదనపల్లె పక్కన శానటోరియంలో చాలాకాలం పడుకుని లేచాడట. ఒక ఊపిరితిత్తి దండగ.

"ఊదితే సస్తావని డాక్టర్లు సెప్పినారు" అనేవాడు. "ఊదకుండా బ్యాండులో ఉండే ఉజ్జోగం ఒకటుండాదని తెలిసినాక ఇంగ నాకేమప్పా కొదవ?"

ఒక ఏడు పుంగనూరులో గంగమ్మ జాతరకు వాయించడానికి పోతే ఆయన భార్య బయ్యమ్మ వచ్చింది. ఆమెకు కళ్ళలో పొరలు. మనుషులను గొంతునుబట్టి పోల్చుకునేది. గుడిముందు పాట ముగించి మేం చెమట తుడుచుకుంటూ ఉంటే మా దగ్గరికి తడుముకుంటూ వచ్చి నిలబడింది. చెంగల్రాయుడు ఊరుకుంటాడా.

"ఏం బయ్యమ్మక్కా, మా చిన్నప్పన్న ఊదింది వినపడిందా?"

"వినపడకుండా యాడికి పోతాది? మీరందరూ గొడవ గొడవగా ఊదతారు. ఆయప్పది ఒకటే కింద మెల్లంగా నడిసిపోతాంటాది."

చెంగల్రాయుడు వెనక్కి తిరిగి దగ్గు వచ్చినట్టు భుజాలు కదిలించాడు. అందరూ బూట్లవైపు చూసుకున్నారు. చిన్నప్ప మాత్రం ట్రంపెట్‌ను కోటు అంచుతో తుడుస్తూ నిలబడ్డాడు. గొంతులో గుడ్డ ఉన్న ట్రంపెట్‌ను అంత శ్రద్ధగా తుడిచే మనిషిని నేను మళ్ళీ చూడలేదు.

నాకు నవ్వు రాలేదు. నాకు వచ్చింది వేరే.

నేను క్లారినెట్. ముందు వరస. పెళ్ళికూతురు కారెక్కేటప్పుడు వాయించే పాటంతా నా మీదనే నడిచేది. అన్నేళ్ళలో ఒక్క మనిషి నా దగ్గరికొచ్చి "ముద్దుకృష్ణా, నీది వినపడింది" అన్నవాడు లేడు. ఇంట్లో సాధనకు కూర్చుంటే నా భార్య కౌసల్య "ఆ పీపీ ఆపప్పా, తల నొస్తాండాది" అనేది. పెళ్ళివాళ్ళు మమ్మల్ని వినడానికి పిలవరు, పక్కవీధికి వినపడాలని పిలుస్తారు. నన్ను విన్నవాళ్ళు ఒక్కరుంటే చాలని అప్పుడప్పుడు అనిపించేది. ఈ ఊదనివాడికి ఒకరున్నారు. అది నాకు మింగుడుపడలేదు. ఇప్పటికీ పడలేదు.

తొంభై ఆరు ఎండాకాలంలో చిన్నప్ప పోయాడు. బయ్యమ్మ మనిషిని పంపింది, బ్యాండు రావాలని. గిరిబాబు ఒక్కొక్కసారి మంచివాడు. ఊరికే వస్తామని చెప్పి పంపాడు. ఎర్ర కోట్లతోనే పోయాం. మాకు వేరే కోట్లు లేవు.

మాస్టరు నేర్పిన పాటల్లో మార్చి అని, అడుగులకు తగ్గట్టు మెల్లగా నడిచే పాట ఒకటుంది. దొరలు చచ్చినప్పుడు వాయించేదట. మేం దాన్నే పెళ్ళికూతురిని సాగనంపేటప్పుడు కూడా వాయించేవాళ్ళం. ఆడవాళ్ళు బాగా ఏడ్చేవాళ్ళు, బాగుందనేవాళ్ళు. ఆరోజు దాన్ని దాని పనికే వాడాం. మధ్యాహ్నం దాటాక పాడె లేచింది. టమాటా తోటల మధ్య బాట. కాయ కోసేసి, వాలిపోయిన చెట్లకు కట్టెలు మాత్రం నిలబడి ఉన్నాయి.

ఊరు దాటాక దింపుడుకళ్ళం దగ్గర పాడె దింపారు. మా వైపు ఆడవాళ్ళు అంతవరకే వచ్చి వెనక్కి తిరుగుతారు. అక్కడ అయినవాళ్ళు వంగి చచ్చినవాడి చెవిలో పేరు పెట్టి పిలుస్తారు, ప్రాణం ఏమూలైనా మిగిలి ఉంటే పలుకుతాడని. చిన్నప్ప తమ్ముడొకాయన పిలవడానికి వంగాడు. బయ్యమ్మ చెయ్యి చాచి అతని భుజం దొరకబుచ్చుకుంది.

"పేరు పెట్టి పిలిస్తే ఆయప్ప యానాడూ పలకలేదు. బ్యాండోళ్ళను రమ్మను."

మేం దగ్గరికి పోయాం.

"ఆయప్ప వాయిద్యం వాయించండప్పా. సెవిలో పడనీండి."

"వాయిస్తానే వచ్చినాం గదమ్మా ఇంతసేపూ" అన్నాడు గిరిబాబు.

"అది మీది. ఆయప్పది ఏది? టాసెట్ ఏది?"

గిరిబాబు మావైపు తిరిగాడు.

"మా ఆయప్ప టాసెట్ ఊదేది మీకు తెలీదా? మూడూళ్ళు ఎతికినా ఆ వాయిద్యం ఊదేవోడు దొరకడంట. నేర్సుకోను శానా కష్టమంట. ఆయప్పే సెప్పినాడు. దాన్ని ఊదండి. అది వినకుండా ఆయప్పను ఎత్తనియ్యను."

అని పాడెకు అడ్డంగా బాటలో కూర్చుంది.

చిన్నప్ప ఆమెకు ఏం చెప్పుకున్నాడో అప్పటికి మాకు తెలిసింది. బ్యాండులో నీదేం పని అని ఆమె అడిగి ఉంటుంది. ఈయన టాసెట్ అని ఉంటాడు. అబద్ధమేమీ ఆడలేదు. ఆమె అది వాయిద్యం పేరనుకుంది. ఆయన కాదనలేదు.

పొద్దు వాలుతోంది. గుంతకు మట్టి పడాల్సింది పొద్దు గుంకకముందే. ఊరి పెద్దమనిషి ఒకాయన గొంతు పెంచాడు. "ఏమ్మే, మనిషిని నేలమీద పెట్టి ఈ రచ్చ ఏందిమే? లెయ్."

"నువ్వు నోర్ముయ్. నీ పెళ్ళికి ఆయప్పే ఊదినాడు, మర్సిపోయినావా?"

పెద్దమనిషి జనంలోకి జరిగాడు. గిరిబాబు చెమట తుడుచుకుని ఆమె ముందు గొంతుక్కూర్చున్నాడు. "అమ్మా, నేనొక మాట సెప్తాను. కోపం సేసుకోవద్దు. టాసెట్ అంటే ఏందంటే..."

అతను నిజం చెప్పబోతున్నాడు. చెప్తే పని అయిపోతుంది, పాడె లేస్తుంది. అయితే ఆ వాక్యం పూర్తయితే చిన్నప్ప అక్కడ ఇంకోసారి చస్తాడు. ఆమె విన్నదంతా కూడా ఆ బాటలోనే పూడ్చిపెట్టాల్సి వస్తుంది. నేను గిరిబాబు చెయ్యి పట్టుకుని లేపాను. జాలితోనని చెప్పను. ఆమె ఏం విన్నదో తెలుసుకోకుండా నేను ఇంటికి పోలేను.

"ఎట్లుంటాదమ్మా ఆయప్పది? ఒకతూరి అను, పట్టుకుంటాను."

ఆమె తల వంచుకుని పెదవులు మూసి పాడింది. పాట కాదు. పాట కింద నడిచే స్వరాల వరస. మేం అప్పటిదాకా వాయించిన మార్చి కిందే అది చక్కగా కుదురుకుంది. మేం పైకి పోయేచోట అది దిగుతుంది, మేం ఆగేచోట అది ఒక్క అడుగు ముందుకు వేసి నిలబడుతుంది. ఆ మార్చిలో ఎవరెవరు ఏమేం వాయిస్తారో నాకు ఆసాంతం కంఠతా వచ్చు. అది మా ఎవరిదీ కాదు. మాస్టరు ఎప్పుడూ నేర్పలేదు. మా బ్యాండు ఉన్ననాటినుంచి ఎవరూ దాన్ని ఊదలేదు. చెంగల్రాయుడు నావైపు చూశాడు. మొదటిసారి వాడి ముఖంలో జోకు లేదు.

చిన్నప్ప ట్రంపెట్‌ను ఆయన పక్కనే పాడెమీద పెట్టారు. దాన్ని తీసి, గొంతులోని పేలికలు లాగేశాను. నేను క్లారినెట్ మనిషిని, అయినా ట్రంపెట్ కాస్త పలికించగలను. ఆమె పాడినట్టే ఊదాను. బొంగురుగా ఉన్నా వరస తప్పలేదు.

ఆమె తల అడ్డంగా ఊపింది. "అది ట్రంపెట్టు. నాకు కండ్లే గదప్పా లేనిది, సెవులు ఉండాయి. టాసెట్ ఊదమంటాండాను."

క్లారినెట్‌తో వాయించాను. "అది నీది" అంది. యూఫోనియం అనే పెద్ద బాకా ఊదే ఆయన వాయించాడు. "అదెవరిదో లావాటాయన." జనంలో ఒకరిద్దరు నవ్వి, నవ్వినందుకు చుట్టూ చూసుకున్నారు.

ఇక వాయించడానికి ఏమీ మిగల్లేదు. పేలికలు నా చేతిలోనే ఉన్నాయి. వాటిని మళ్ళీ ట్రంపెట్ గొంతులో కుక్కాను. "ఎత్తండి" అన్నాను మావాళ్ళతో. "మార్చి. అందరూ టాసెట్."

గిరిబాబుకు అర్థం కాలేదు. చెంగల్రాయుడికి అర్థమైంది. వాడు పుల్లలు డ్రమ్ము చర్మానికి ఒక వేలెడు పైన ఆడించడం మొదలుపెట్టాడు. యూఫోనియం ఆయన బుగ్గలు పొంగించాడు. అందరం వాయిద్యాలు మూతికి ఆనించి, వేళ్ళు ఆడిస్తూ, ఒక్క ఊపిరి కూడా వదలకుండా మార్చి వాయించాం. నేను చిన్నప్ప ట్రంపెట్ పట్టుకున్నా.

మొదట బాట పక్క మేకల మెడగంటలు వినపడ్డాయి. ఎవరిదో పసిబిడ్డ ఏడుపు. ఆ తర్వాత అవి కూడా లేవు. బయ్యమ్మ తల మెల్లగా ఊగడం మొదలైంది. తాళానికి సరిగ్గా. మేం తాళం వేయడం లేదు. చెంగల్రాయుడి పుల్లలు ఆమెకు కనపడవు.

"ఆ..." అంది. "అదే."

నాకూ వినపడింది.

నా చేతిలోని ట్రంపెట్‌లోనుంచి కాదు. యాడనుంచో చెప్పలేను. సన్నగా, పక్క గదిలో ఎవరో తలుపు దగ్గరికి వేసుకుని ఊదుతున్నట్టు. మేం పైకి పోవాల్సినచోట దిగింది. మేం ఆగాల్సినచోట ఒక్క అడుగు ముందుకు వేసి నిలబడింది. నా వేళ్ళు దానివెంట పోతున్నాయి, నేను పంపకుండానే.

ఆమె మోకాళ్ళమీద జరిగి చిన్నప్ప చెవి దగ్గర వంగింది. "విన్యావా?" అని అడిగింది. జవాబు కోసమన్నట్టు కొంచెంసేపు ఆగింది. తర్వాత లేచి చీరెకు అంటిన దుమ్ము దులుపుకుంది.

"ఇంగ ఎత్తండప్పా" అని, మిగతా ఆడవాళ్ళలో ఒకరి చెయ్యి పట్టుకుని ఊరివైపు తిరిగింది.

గుంత దాకా మేం అట్లాగే పోయాం, ఊదకుండా. ఆపమని ఎవరూ చెప్పలేదు, మాకు ఆపడం చేతకాలేదు. తిరిగి మదనపల్లెకు వ్యానులో వస్తూ, వినపడిందా అని ఎవరినీ నేను అడగలేదు. నన్నూ ఎవరూ అడగలేదు. మరుసటి నెల చెంగల్రాయుడు బ్యాండు మానేసి ఆటో కొనుక్కున్నాడు. ఎందుకురా అంటే "డీజిల్ సప్పుడు బాగుండాదన్నా, ఆగకుండా ఉంటాది" అన్నాడు.

వాడి మాట నాకు తర్వాత అర్థమైంది. వాయించేటప్పుడు ఏమీ ఉండదు. పాట ఆగి తర్వాతి పాట ఎత్తేలోపు, ఆ సందులో, వెనకనుంచి చిన్నప్ప వరస నడుస్తూ ఉంటుంది. పెళ్ళిమంటపం ముందు, గుడి వీధిలో, టిఫిను పెట్టేటప్పుడు. నేను సందు లేకుండా వాయించడం మొదలుపెట్టాను. మిగతావాళ్ళు దమ్ము తీసుకునేచోట కూడా నేను ఊదుతుంటే గిరిబాబు "ఏందన్నా నీకు పూనకమా?" అనేవాడు.

ఆగలేక ఒకరోజు కుప్పం పోయాను. చిన్నస్వామి మాస్టరు రైల్వేస్టేషన్ వెనక కూతురింటి అరుగుమీద కూర్చుని ఉన్నాడు. చాలా చిక్కిపోయాడు. కాగితాలన్నీ చెదలు తినేశాయని ముందే చెప్పాడు, వాటికోసమే వచ్చాననుకున్నాడేమో. జరిగింది చెప్పి, ఆ వరస పాడి వినిపించాను. ఆయన సగంలోనే చెయ్యెత్తి ఆపాడు.

"యారప్పా నీకు నేర్పింది?"

"ఎవరూ నేర్పలేదు. చిన్నప్ప పెళ్ళాం పాడింది. ఆ మార్చిలో మూడో ట్రంపెట్‌ది అయి ఉంటాదా ఇది?"

"మూడో ట్రంపెట్‌కి ఏమీ లేదు అందులో. కాగితం తెల్లగా ఉండేది. టాసెట్ ఆల్ ఫినే అని ఒక్క లైను."

"ఆల్ ఫినే అంటే?"

"అది ఇటలీ మాట. అయిపోయేదాకా అని. అయిపోయేదాకా ఊదకూడదు అని."

లోపల కూతురు గిన్నెలు కడుగుతున్న చప్పుడు. నేను అడగకుండా ఉండాల్సింది.

"అయిపోయినాక మాస్టరూ?"

ఆయన నావైపు తిరిగాడు.

"అది కాగితంలో యాడా రాసి లేదప్పా" అన్నాడు. తర్వాత లోపలికి కేక వేసి నాకు కాఫీ ఇమ్మన్నాడు. ఆ సంగతి మళ్ళీ ఎత్తనివ్వలేదు. బస్సు టైమయిందని ఆయనే నన్ను లేపాడు.

తర్వాత్తర్వాత మా పని ఎట్లా పోయిందో చెప్పనక్కర్లేదు. వ్యాను మీద కీబోర్డు పెట్టుకుని ఒక్కడు పదిమంది చప్పుడు చేయడం వచ్చింది. పెద్ద పెద్ద స్పీకర్లు వచ్చాయి. మమ్మల్ని పిలిచేవాళ్ళు తగ్గారు, పిలిచినా ఫోటోలో ఎర్రగా కనపడడానికే. ఇంకోపక్క నా పళ్ళు. క్లారినెట్‌కు పైపళ్ళు ముఖ్యం. నాకు ముందు రెండు ఊడాయి, పక్కవి కదిలాయి. ఊదితే గాలి ఈలవేసుకుంటూ పోయేది. కట్టుడుపళ్ళు పెట్టించుకుంటే వాయిద్యానికి గిట్టలేదు.

ఒకరోజు గిరిబాబు నా చేతిలోనుంచి క్లారినెట్ తీసుకుని పెట్టెలో పెట్టాడు. షెడ్డు మూలనుంచి సొట్ట ట్రంపెట్ తెచ్చి ఇచ్చాడు. చిన్నప్పను పూడ్చినరోజు నేనే దాన్ని వెనక్కి తెచ్చి షెడ్డులో పడేశాను.

"ఊదొద్దులే అన్నా. మూడో వరసలో నిలబడు సాలు. నీకు కాబట్టి ఇస్తాండాను ఈ పని."

ఇంట్లో చెప్తే కౌసల్య "పోనీలే, తలనొప్పి తగ్గుతాది" అంది. ఎవరి తలనొప్పో చెప్పలేదు.

మూడో వరసలో నిలబడ్డ మొదటిరోజు ట్రంపెట్ మూతికి ఆనించగానే నా వేళ్ళు చిన్నప్ప స్వరాల వరసనే పట్టుకున్నాయి. నేను వేరే ఏదో ఆడించబోయాను. అవి వినలేదు.

రెండువేల నాలుగులో పుంగనూరులో ఒక పెళ్ళికొడుకును సాయంత్రం మంటపానికి తీసుకుపోతున్నాం. ఎండ ఇంకా గోడలమీద ఉంది. ముందు కీబోర్డు వ్యాను, వెనక మేం ఎనిమిదిమందిమి. ఎనిమిదిమందిలో ఊదేవాళ్ళు ముగ్గురు. ఒక సందు మలుపులో వ్యానుకు ఎద్దులబండి అడ్డం వచ్చి అంతా ఆగింది. కీబోర్డువాడు తీగ ఏదో ఊడిందని వంగి చూస్తున్నాడు.

పక్క ఇంటి గడప దగ్గర ఒక ముసలామె గోడ పట్టుకుని లేచి నిలబడింది. బయ్యమ్మ. కూతురు అమరావతి ఇల్లు పుంగనూరులోనే అని విన్నాను, ఆ సందులో అని తెలియదు. ఆమె కళ్ళు ఇప్పుడు పూర్తిగా తెల్లగా ఉన్నాయి.

"ఆగినారే. ఎవరప్పా టాసెట్ ఊదేది?"

ఆమె మమ్మల్ని విని లేవలేదు. కీబోర్డు ఆగాక లేచింది.

నేను వరసలోనుంచి ఒక అడుగు ఆమెవైపు వేశాను. "నేనేమ్మా, ముద్దుకృష్ణని. మీ ఆయప్ప వాయిద్యం ఇప్పుడు నా దగ్గరే ఉండాది."

"నీ దగ్గరనా?"

"అవునమ్మా. రెండేండ్లుగా నేనే."

"ఏదీ, ఊదు."

ఆమె చెవి నావైపు తిప్పింది. ముప్పై ఏళ్ళు ముందు వరసలో ఊదినా అట్లా ఒక చెవి నాకోసం తిరగలేదు. ట్రంపెట్ ఎత్తాను. బుగ్గలు పొంగించాను. నాకు తెలిసినంత శ్రద్ధగా, ఆరోజు బాటలో ఆడించినట్టే, ఒక్క వేలు తప్పకుండా ఆ వరసంతా ఆడించాను. చివరి మెట్టు దగ్గర కళ్ళల్లో నీళ్ళు కూడా తిరిగాయి. ఎందుకో చెప్పలేను.

బయ్యమ్మ చాలాసేపు విన్నది. తర్వాత విసుక్కుంది.

"నీది ఏమీ వినపడలేదు నాయనా. కొంచెం పక్కకు జరుగు."

"ఏంటికమ్మా?"

"నీ ఎనకాల ఆయప్ప ఊదతాండాడు గదా. అడ్డమొస్తాండావు."

మూడో వరసే మా బ్యాండుకు ఆఖరు వరస. నా వెనక ఖాళీ సందు తప్ప ఏమీ లేదు. సందు చివర ఎండ, ఒక ఆరేసిన చాప.

నేను తిరిగి చూడలేదు. పక్కకు జరిగాను. ఆమె ముఖం విచ్చుకుంది, తల మెల్లగా ఊగింది. నా భుజం పక్కనుంచి, మునుపెప్పుడూ రానంత దగ్గరగా, ఆ స్వరాల వరస ముందుకు నడిచిపోయింది. ఎద్దులబండి తప్పుకున్నాక కీబోర్డువాడు మళ్ళీ మొదలుపెట్టాడు.

అప్పటినుంచి నేను మూడో వరసలో పక్కన ఒక మనిషి పట్టేంత చోటు వదిలి నిలబడతాను. గిరిబాబు ముందునుంచి అరుస్తాడు, వరస కలపమని, ఫోటోలో ఖాళీగా కనపడుతోందని. ఎందుకు కలపవని అందరి ముందూ అడుగుతాడు.

నేను జవాబు చెప్పను. టాసెట్.